కత్తెర మీద కోర్టుకెక్కిన ఖ్వాజా అహ్మద్ అబ్బాస్

ఆవారా, శ్రీ 420 సినిమాల పేర్లు వినని ఇల్లు అరుదు. వాటి కథ రాసిన ఖ్వాజా అహ్మద్ అబ్బాస్ గురించి మాత్రం నేటి పిల్లలకు తెలిసింది తక్కువే. 16 నిమిషాల ఒక చిన్న డాక్యుమెంటరీ కోసం ఆయన సుప్రీంకోర్టు దాకా వెళ్లారు. ఆ కేసు గురించి లా విద్యార్థులు ఇప్పటికీ చదువుకుంటున్నారు.

అబ్బాస్ 1914 జూన్ 7న పానిపట్‌లో, ఉర్దూ మహాకవి అల్తాఫ్ హుస్సేన్ హాలీ కుటుంబంలో పుట్టారు. అలీగఢ్‌లో చదువు ముగించుకొని బొంబాయి వచ్చి, బాంబే క్రానికల్ పత్రికలో చేరారు. సినిమా సమీక్షలు రాస్తూ రాస్తూ తానూ సినిమాల్లోకి దిగారు. 1943 నాటి బెంగాల్ కరువు మీద ఇప్టా కళాకారులతో ధర్తీ కే లాల్ తీశారు. అది 1946లో వచ్చింది. ఆకలితో ఊరు వదిలి కలకత్తా చేరిన రైతు కుటుంబం కథ అది.

1968లో చార్ షహర్ ఏక్ కహానీ అనే డాక్యుమెంటరీ తీశారు. ఆ నాలుగు నగరాలు కలకత్తా, బొంబాయి, మద్రాసు, ఢిల్లీ. ఒక పక్క పెద్ద భవంతులు, హోటళ్లు, ఫ్యాక్టరీలు. ఇంకో పక్క వాటిని కట్టిన కూలీల గుడిసెలు. మాటల్లేవు. కూలీలు పని చేస్తూ పాడుకునే ఒక పాట, కాస్త నేపథ్య సంగీతం, అంతే. బొంబాయి రెడ్‌లైట్ ఏరియా దృశ్యాలు కొన్ని ఉన్నాయని సెన్సార్ బోర్డు పెద్దలకు మాత్రమే అంటూ 'ఎ' సర్టిఫికెట్ ఇచ్చింది. అబ్బాస్ ఒప్పుకోలేదు, కేంద్రానికి అప్పీలు చేశారు. ఆ దృశ్యాలు కోసేస్తే 'యు' ఇస్తామన్నారు. పేదరికం ఆడవాళ్లను ఎక్కడికి నెడుతుందో చూపకపోతే కథే మిగలదని ఆయన సుప్రీంకోర్టు తలుపు తట్టారు.

కేసు నడుస్తుండగానే ప్రభుత్వం దిగొచ్చింది. ఒక్క కోత కూడా లేకుండా 'యు' ఇస్తామని కోర్టుకు చెప్పింది. ఇంకొకరైతే దాంతో సరిపెట్టుకొని ఇంటికెళ్లేవారు. అబ్బాస్ అక్కడ ఆగలేదు. తన సినిమా గట్టెక్కినా రేపు మరొకరి సినిమా మాటేమిటన్నదే ఆయన ప్రశ్న. పిటిషన్ మార్చి, ముందస్తు సెన్సార్ పద్ధతినే సవాలు చేశారు.

1970 సెప్టెంబర్‌లో చీఫ్ జస్టిస్ హిదాయతుల్లా నాయకత్వంలోని ధర్మాసనం తీర్పు చెప్పింది. అసలు ప్రశ్నలో అబ్బాస్ ఓడిపోయారు. సినిమాకు సెన్సార్ ఉండటం రాజ్యాంగబద్ధమేనని కోర్టు తేల్చింది. అయితే సెక్స్ ప్రస్తావన వచ్చినంత మాత్రాన అశ్లీలం కాదని, కళకు చోటిచ్చేలా నిబంధనలు మార్చాలని కూడా చెప్పింది. సర్టిఫికెట్‌కు గడువు పెట్టాలని, అప్పీలు ప్రభుత్వం దగ్గర కాకుండా ట్రిబ్యునల్ ముందు ఉండాలని అబ్బాస్ అడిగారు. ఆ రెండిటికీ ప్రభుత్వమే ఒప్పుకుంది. చివరికి 1983లో ట్రిబ్యునల్ వచ్చింది.

బ్లిట్జ్ పత్రికలో ఆయన చివరి పేజీ కాలమ్ ఏళ్ల తరబడి నడిచింది. ఉర్దూలో అదే ఆజాద్ కలమ్. 1987 జూన్ 1న బొంబాయిలో కన్నుమూసే దాకా ఆ కలం ఆగలేదు.

ఆయన అడిగి తెచ్చిన ట్రిబ్యునల్‌ను 2021లో కేంద్రం రద్దు చేసింది. ఇప్పుడు సెన్సార్ కోతలతో పేచీ వస్తే చిన్న డాక్యుమెంటరీ తీసిన కుర్రాడైనా హైకోర్టు మెట్లెక్కాల్సిందే.