తలుపు తెరుచుకోక ముందే సిద్ధపడిన స్త్రీ

కార్నీలియా సొరాబ్జీ ఆక్స్‌ఫర్డ్‌లో న్యాయశాస్త్ర పరీక్ష రాసింది 1892లో. పట్టా చేతికి వచ్చింది 1922లో. మధ్యలో ముప్పై ఏళ్లు గడిచాయి. స్త్రీ పరీక్ష రాయవచ్చు గానీ పట్టా పుచ్చుకోకూడదన్నది ఆనాటి నియమం. ఆ ముప్పై ఏళ్లు ఆమె చేతులు కట్టుకుని కూర్చోలేదు.

ఆమె 1866 నవంబరు 15న నాసిక్‌లో పుట్టారు. తండ్రి సొరాబ్జీ ఖర్సేద్జీ పార్సీ కుటుంబంలో పుట్టి క్రీస్తును నమ్ముకున్నారు. అందుకు సొంతవారి ఆగ్రహం చవిచూశారు, తర్వాత మిషన్ సేవకులయ్యారు. తల్లి ఫ్రాన్సినా పుణేలో బడులు నడిపారు. ఆ ఇంట్లో ఆడపిల్లల చదువు ఎంత ముఖ్యమో చెప్పడానికి ఒక్క సంగతి చాలు: ఒక చెల్లెలు ఆలిస్ డాక్టరయ్యారు, మరో చెల్లెలు సూసీ పుణేలో పాఠశాల స్థాపించారు.

కార్నీలియా చిన్నతనంలో ఒక సంపన్న వితంతువు సహాయం కోసం ఆమె తల్లి దగ్గరకు వచ్చిందట. నమ్మిన మనిషే ఆమె చేత కాగితాల మీద సంతకం చేయించుకుని ఆస్తి కాజేశాడు. ఇలాంటివారికి సాయపడాలంటే న్యాయశాస్త్రం చదవాలని ఆ పిల్ల మనసులో అప్పుడే నాటుకుంది.

పుణే డెక్కన్ కాలేజీలో మగపిల్లల మధ్య చదివి, బొంబాయి విశ్వవిద్యాలయంలో పట్టా పొందిన తొలి మహిళ అయ్యారు. అగ్రస్థానంలో నిలిచినవారికి ఇంగ్లాండులో చదివేందుకు ఇచ్చే ప్రభుత్వ ఉపకారవేతనం మాత్రం, స్త్రీ అన్న కారణంతో, ఆమెకు ఇవ్వలేదు. కొంతకాలం అహ్మదాబాద్ గుజరాత్ కాలేజీలో పాఠాలు చెప్పారు. ఆ తర్వాత ఇంగ్లాండులోని శ్రేయోభిలాషులు చందాలు పోగుచేసి ఆమెను 1889లో ఆక్స్‌ఫర్డ్‌లోని సోమర్‌విల్ కాలేజీకి చేర్చారు. చందా ఇచ్చినవారిలో ఫ్లారెన్స్ నైటింగేల్ కూడా ఉన్నారు.

1894లో స్వదేశం తిరిగివచ్చారు. 1897లో బొంబాయి ఎల్.ఎల్.బి., 1899లో అలహాబాద్ హైకోర్టు ప్లీడర్ పరీక్ష పూర్తిచేశారు. అయినా కోర్టులు ఆమెను వకీలుగా ఒప్పుకోలేదు.

అప్పుడు ఆమె దృష్టి కోర్టు గుమ్మం మీద నుంచి ఘోషా తెర వైపు మళ్లింది. జమీందారు చనిపోయి, వారసుడు పసివాడైతేనో, ఆస్తి ఆడవారి చేతిలో పడితేనో ఆ ఎస్టేటును కోర్ట్ ఆఫ్ వార్డ్స్ అనే ప్రభుత్వ శాఖ చూసుకునేది. కానీ ఘోషాలో ఉన్న వితంతువు పరాయి మగవాడి ఎదుటికి రాకూడదు. కలెక్టరుకు ఆమె గోడు తెలియదు. ఆమెకు తన హక్కు తెలియదు. నడుమ ఉన్న బంధువులూ దివానులూ చెప్పిందే మాట. ఆ తెర దాటి లోపలికి వెళ్లగలిగేది స్త్రీ మాత్రమే. ఏ కారణంతో కోర్టు ఆమెను బయట నిలబెట్టిందో, ఆ కారణమే ఇక్కడ అర్హత అయింది.

అలాంటి ఉద్యోగమే అప్పటికి లేదు. దాన్ని సృష్టించమని ఆమె 1902 నుంచి ఇండియా ఆఫీసును అడుగుతూ వచ్చారు. 1904లో బెంగాల్ ప్రభుత్వం ఆమెను కోర్ట్ ఆఫ్ వార్డ్స్‌కు స్త్రీ సలహాదారుగా నియమించింది. 1907 నాటికి ఆమె పని బెంగాల్, బీహార్, ఒరిస్సా, అస్సాం అంతటా విస్తరించింది. రైలు మీద, పడవ మీద, పల్లకీలో ప్రయాణించి అంతఃపురాలకు చేరేవారు. వితంతువుకు రావలసిన భత్యం అందుతోందా, పసివారసుడి ఆరోగ్యం ఎలా ఉంది, చదువు సాగుతోందా, ఇంటి తగాదా కోర్టుకు పోకుండా తీరుతుందా అని ఆరా తీసి ప్రభుత్వానికి నివేదించేవారు. సుమారు 20 ఏళ్లలో 600 మందికి పైగా స్త్రీలు, తండ్రిలేని పిల్లలు ఆమె సహాయం పొందారని లెక్క. 1909లో ప్రభుత్వం కైసర్-ఇ-హింద్ పతకం ఇచ్చింది.

1923లో చట్టం మారింది, స్త్రీలు వకీళ్లు కావచ్చునన్నారు. అప్పటికి ఆమెకు 56 ఏళ్లు దాటాయి. కలకత్తాలో ప్రాక్టీసు మొదలుపెట్టినా, వాదించే అవకాశాలకన్నా అభిప్రాయాలు రాసిచ్చే పనే ఎక్కువగా దక్కింది. 1929లో లండన్‌లో స్థిరపడి, 1954 జూలై 6న అక్కడే కన్నుమూశారు.

ఆమె ప్రతి అభిప్రాయంతో మనం ఏకీభవించనక్కరలేదు. బ్రిటిష్ పాలనను నమ్మారు, గాంధీజీ మార్గాన్ని విమర్శించారు. స్వతంత్ర భారతం ఆమెను చాలాకాలం తలుచుకోకపోవడానికి అదొక కారణం. కానీ తెర వెనుక ఉన్న ఆ వితంతువులకు ఆమె రాజకీయాలు కాదు, రాక ముఖ్యమైంది.

నేడు మన సంఘాల్లో న్యాయశాస్త్రం చదివే, సివిల్స్‌కు సిద్ధపడే ఆడపిల్లలు ఉన్నారు. వారి కోసం ప్రార్థించడం మంచిదే. ఫీజు కట్టలేక ఆగిపోయిన ఒక్క అమ్మాయికి సంఘం చందా పోగుచేయడం ఇంకా మంచిది. కార్నీలియాను ఆక్స్‌ఫర్డ్‌కు పంపింది ప్రభుత్వం కాదు, ఆమె తలాంతును గుర్తించిన కొద్దిమంది. వారు ఇచ్చింది ఒక్కరి చదువుకే అయినా, దాని ఫలం వందల ఇళ్లకు చేరింది.