మాయా డెరెన్

మాయా డెరెన్ (ఏప్రిల్ 29, 1917 - అక్టోబరు 13, 1961) అమెరికాకు చెందిన ప్రయోగాత్మక చలనచిత్ర దర్శకురాలు, రచయిత్రి. కరీబియన్ సముద్రములోని హైతీ దేశపు వోడూ మతమును గూర్చి ఈమె చిత్రించిన దృశ్యములు, రచించిన గ్రంథము ప్రసిద్ధి చెందినవి.

బాల్యము, విద్య

ఈమె అసలు పేరు ఎలియనోరా డెరెన్‌కోవ్‌స్కీ. కీవ్ నగరములో ఒక యూదు కుటుంబములో జన్మించినది. తండ్రి మానసిక వైద్యుడు. 1922లో వీరు అమెరికాకు వలసవెళ్ళి, న్యూయార్క్ రాష్ట్రములోని సిరక్యూస్‌లో స్థిరపడి, ఇంటిపేరును డెరెన్‌గా కుదించుకున్నారు. 1939లో స్మిత్ కళాశాలలో ఆంగ్ల సాహిత్యమున ఎం.ఏ. పూర్తిచేసినది. పిమ్మట కొంతకాలము నర్తకి కాథరిన్ డన్‌హామ్ వద్ద కార్యదర్శిగా పనిచేసినది. హైతీ నృత్యములపై డన్‌హామ్ అంతకుముందే పరిశోధన చేసియున్నది.

1943లో భర్త అలెగ్జాండర్ హామిడ్‌తో కలిసి తీసిన 'మెషెస్ ఆఫ్ ది ఆఫ్టర్‌నూన్' అను లఘుచిత్రము ఈమెకు పేరు తెచ్చినది. 1946లో గుగ్గెన్‌హైమ్ ఫెలోషిప్ లభించినది.

హైతీలో

1947లో హైతీ వెళ్ళినపుడు ఈమె ఉద్దేశము మతపరిశోధన కాదు. అచ్చటి నృత్యములను ముడిసరుకుగా తీసుకొని ఒక కళాత్మక చిత్రమును నిర్మించవలెనని. అయితే ఆ నృత్యము పూజలో భాగము. దానిని పూజనుండి విడదీసి తన ఇష్టానుసారము కూర్చినచో అసత్యమగునని గ్రహించి, ఆ ప్రయత్నమును విరమించినది. కొన్ని సంవత్సరములలో పలుమార్లు అచ్చటికి వెళ్ళి, చూచినదానిని చూచినట్లు చిత్రించి, పాటలను, డప్పుల వాద్యమును ధ్వనిముద్రణ చేసినది. చిత్రమును మాత్రము పూర్తిచేయలేదు. దానికి బదులు 1953లో 'డివైన్ హార్స్‌మెన్' గ్రంథమును వెలువరించినది.

వోడూలో దేవతలను 'ల్వా' అందురు. ల్వా ఆవహించిన మనిషి గుర్రము, ల్వా రౌతు. గ్రంథనామము దీనినుండి వచ్చినదే. పూనకము ఎరిగిన తెలుగువారికి ఇది సులభముగనే బోధపడును. కెమెరాకు గుర్రము కనబడునే గాని రౌతు కనబడడు. సాక్ష్యమునకు సంబంధించిన చిక్కు ఇదియే. నృత్యము చేయుచుండగా తనకును ఎర్జులీ దేవత పూనినదని డెరెన్ చివరి అధ్యాయములో వ్రాసినది. పరిశోధకురాలు ఇట్లు లీనమగుట శాస్త్రసమ్మతమా అను ప్రశ్న సహజము. ఈమె మానవశాస్త్రములో శిక్షణ పొందినది కాదు, ఆ సంగతిని దాచలేదు కూడ. సొంత అనుభవమును పూజావిధుల వర్ణనతో కలపక చివర వేరుగా ఉంచుటవలన, దేనికెంత విలువ ఇయ్యవలెనో పాఠకుడే తూచుకొనవచ్చును.

మరణానంతరము

మెదడులో రక్తస్రావము వలన 44వ ఏట న్యూయార్క్‌లో మరణించినది. హైతీ దృశ్యములను ఈమె భర్త, సంగీతకారుడు తైజీ ఇతో, అతని తదుపరి భార్య చెరెల్ ఇతో కూర్చగా 1985లో గ్రంథము పేరుతోనే చిత్రముగా విడుదలైనది. వ్యాఖ్యానము చాలవరకు గ్రంథములోనిదే. పలు జాబితాలలో ఇది డెరెన్ చిత్రముగా కనబడును గాని, ఆ కూర్పు ఆమెది కాదు.