బడి పంతులు గెలిపించిన జట్టు

ఫుట్‌బాల్ అనగానే మన పిల్లల నోట వచ్చేది బ్రెజిల్, అర్జెంటీనాల మాటే. నాగావ్ సందుల్లో సాంచాల చప్పుడు మధ్య బంతి తన్నే పిల్లలకు దక్షిణ అమెరికా ఆటగాళ్ల పేర్లు కంఠతా వచ్చు. అందులో తప్పేమీ లేదు. కానీ మన పెద్దలు బతుకుతెరువు వెతుక్కుంటూ వదిలి వచ్చిన తెలంగాణ గడ్డ మీదే ఒక బడి పంతులు ఉండేవారు. భారత ఫుట్‌బాల్ జట్టును రెండుసార్లు ఆసియా విజేతగా, ఒకసారి ఒలింపిక్స్ సెమీఫైనల్ దాకా తీసుకెళ్లింది ఆయనే. ఆయన పేరు సయ్యద్ అబ్దుల్ రహీం. హైదరాబాదీలకు రహీం సాహెబ్. ఆటల పీరియడ్‌ను లెక్కల పీరియడ్‌కు ఇచ్చేసే అలవాటు మన బడుల్లో పెరుగుతోంది కాబట్టి, ఈ వారం ఆయన జీవితాన్ని చెప్పుకుందామనుకున్నాం.

దేశభాషలో చదువు, బడిలో కొలువు

రహీం 1909 ఆగస్టు 17న హైదరాబాద్‌లో పుట్టారు. అది నిజాం పాలన కాలం. ఉస్మానియా విశ్వవిద్యాలయంలో పట్టా పుచ్చుకున్నారు. 1918లో మొదలైన ఆ విశ్వవిద్యాలయంలో అప్పట్లో బోధన ఉర్దూలో సాగేది. పై చదువంటే ఇంగ్లిషే అని దేశమంతా నమ్ముతున్న రోజుల్లో, చరిత్ర అయినా సైన్సు అయినా దేశభాషలో చెప్పవచ్చని నిరూపించిన చోటు అది. ఆ రాజ్యంలో ఎక్కువమంది మాట్లాడే తెలుగుకు ఆ భాగ్యం దక్కలేదన్నదీ నిజమే. ఉర్దూ అప్పుడు సర్కారు భాష. మహారాష్ట్రలో మన తెలుగు కొద్దిమంది భాష. రెండింటి పరిస్థితీ ఒకటి కాదు. అయినా ఒక సంగతి గమనించాలి. ఆ విశ్వవిద్యాలయం నుంచి వచ్చిన మనిషి తర్వాత హెల్సింకీ, మెల్‌బోర్న్, రోమ్ వరకూ వెళ్లి ప్రపంచ స్థాయి జట్ల ముందు నిలిచారు. చదివిన భాష ఆయన దారికి అడ్డు కాలేదు.

చదువయ్యాక ఆయన ఎంచుకున్నది పంతులు పని. కాచిగూడ మిడిల్ స్కూల్, ఉర్దూ షరీఫ్, దారుల్ ఉలూం, చాదర్‌ఘాట్ హైస్కూల్‌లలో పాఠాలు చెప్పారు. మధ్యలో వ్యాయామ విద్యలో డిప్లొమా చేశారు. ఆపైన బడిలో ఆటల బాధ్యత కూడా ఆయన చేతికే వచ్చింది. తాను కూడా కమర్ క్లబ్ తరఫున మైదానంలో ఆడినవారే. 1940ల తొలినాళ్ల నుంచి హైదరాబాద్ ఫుట్‌బాల్ సంఘం కార్యదర్శిగా ఉన్నారు. చనిపోయేదాకా ఆ పని వదల్లేదు.

ఎడమ కాలితోనే ఆడాలి

రహీం పేరు నిలబెట్టిన విషయాల్లో మొదటిది పిల్లల కోసం ఆయన పెట్టిన చిత్రమైన పోటీలు. ఒక పోటీలో బలమైన కాలితో బంతి తన్నకూడదు. కుడి కాలివాటం వాడు ఎడమ కాలితోనే ఆడాలి. మరో పోటీలో బంతిని కాళ్ల దగ్గరే పెట్టుకుని నలుగురిని దాటుకుంటూ పోవడం కుదరదు, వెంటనే తోటివాడికి అందించాలి.

చూడ్డానికి ఇది పిల్లలాటలా ఉంటుంది. లోతుగా చూస్తే బోధనా పద్ధతి కనిపిస్తుంది. ఒక్క కాలితో మాత్రమే ఆడగలిగేవాణ్ని ఎదుటివాడు సులువుగా కట్టిపడేస్తాడు. ఆ కాలివైపు అడ్డు నిలబడితే చాలు, ఇక వాడు ఒళ్లంతా తిప్పుకోవాలి. ఈలోగా బంతి పోతుంది. రెండు కాళ్లూ పలికేవాడికి మైదానం రెండింతలవుతుంది. ఇక బంతిని వెంటనే అందించాల్సి వస్తే, అది తన దగ్గరకు రాకముందే తల ఎత్తి చూడాలి. ఎవరెక్కడున్నారో ముందే తెలిసి ఉండాలి. అంటే ఆ నిబంధన కాలికన్నా ముందు బుర్రకు పనిపెడుతుంది. నేర్పవలసినదాన్ని ఉపన్యాసంగా చెప్పకుండా నిబంధనలో దాచిపెట్టడం మంచి పంతులు లక్షణం.

కూపరేజ్‌లో ఐదేళ్లు

రహీం శిక్షణ ఇచ్చిన హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 వరకు వరుసగా ఐదేళ్లు రోవర్స్ కప్ గెలిచింది. ఆ కప్పు జరిగేది మన ముంబయిలోనే, కూపరేజ్ మైదానంలో. భివండి నుంచి ఠాణే చేరి లోకల్ ఎక్కితే వెళ్లగలిగిన చోటు. కలకత్తా పెద్ద క్లబ్బులదే రాజ్యమనుకున్న రోజుల్లో హైదరాబాద్ కుర్రాళ్లు ఐదేళ్లపాటు ఆ కప్పును ఎవరికీ ఇవ్వలేదు. 1950లోనే డ్యూరాండ్ కప్ ఫైనల్లో మోహన్ బగాన్‌ను ఓడించారు. 1956, 1957 సంవత్సరాల్లో హైదరాబాద్ రాష్ట్ర జట్టుకు సంతోష్ ట్రోఫీ కూడా దక్కింది.

ఆ కుర్రాళ్లలో చాలామంది లేమిలో పెరిగినవారు. పోలీసు జట్టులో చోటు దొరికితే ఆటతోపాటు జీతం వచ్చే కొలువూ దొరికేది. ఆట అన్నం పెట్టదన్న మాట ఆ ఇళ్లలో అబద్ధమైంది. సికింద్రాబాద్ పక్కన అమ్ముగూడలో పేద తమిళ కుటుంబంలో పుట్టిన తులసీదాస్ బలరామ్ రహీం కంట పడ్డాడు. అక్కడి నుంచి మెల్‌బోర్న్, రోమ్ ఒలింపిక్స్ దాకా ఎదిగాడు. తెలుగు గడ్డపై అల్పసంఖ్యాక భాష మాట్లాడే ఇంట్లో పుట్టిన బిడ్డ అతను. మన పిల్లలు మహారాష్ట్రలో ఎలాగో, అతను అక్కడ అలా.

పదికి ఒకటి

1951లో ఢిల్లీలో తొలి ఆసియా క్రీడలు జరిగాయి. రహీం శిక్షణలో భారత జట్టు ఫైనల్లో ఇరాన్‌ను 1-0తో ఓడించి స్వర్ణం గెలిచింది. మరుసటి ఏడాదే పెద్ద దెబ్బ తగిలింది. 1952 హెల్సింకీ ఒలింపిక్స్‌లో యుగోస్లావియా చేతిలో 10-1 తేడాతో ఓడిపోయాం. మనవాళ్లలో చాలామంది బూట్లు లేకుండా వట్టి కాళ్లతో ఆడారు. ఆ చలిలో, ఆ నేల మీద వట్టి కాళ్లు నిలవలేదు. ఆ తర్వాతే జాతీయ సంఘం బూట్లు తప్పనిసరి చేసింది.

అంత ఓటమి తర్వాత శిక్షకుడు పక్కకు తప్పుకోవడమో, ఆటగాళ్లను నిందించడమో మామూలు. రహీం జట్టును మళ్లీ కట్టారు. నాలుగేళ్ల తర్వాత 1956 మెల్‌బోర్న్‌లో ఆతిథ్య దేశమైన ఆస్ట్రేలియాను భారత్ 4-2తో ఓడించింది. నెవిల్ డిసౌజా ఆ మ్యాచ్‌లో మూడు గోల్స్ కొట్టాడు. ఒలింపిక్స్ ఫుట్‌బాల్ సెమీఫైనల్‌కు చేరిన తొలి ఆసియా దేశంగా భారత్ నిలిచింది. సెమీఫైనల్లో ఎదురైంది మళ్లీ ఆ యుగోస్లావియానే. 4-1తో ఓడిపోయాం. కాంస్యం కోసం జరిగిన మ్యాచ్‌లో బల్గేరియా 3-0తో గెలిచింది. పతకం రాలేదు. కానీ అదే జట్టు చేతిలో పది గోల్స్ తిన్న చోటి నుంచి నాలుగు గోల్స్ దాకా వచ్చాం. మన బడుల్లో పిల్లల ప్రగతి పుస్తకం చూసేటప్పుడు గుర్తుంచుకోవలసిన లెక్క ఇది. మార్కు ఎంతన్నది ఒక్కటే చూస్తే చాలదు, నిరుటికీ ఇప్పటికీ తేడా ఎంతో కూడా చూడాలి.

మధ్యలో ఉండేవాడి పని

ఆ రోజుల్లో మన దేశంలో ఎక్కువ జట్లు పాత పద్ధతిలో ఆడేవి. వెనక ఇద్దరు, మధ్యలో ముగ్గురు హాఫ్‌బ్యాక్‌లు, ముందు ఐదుగురు. 1958 ప్రపంచ కప్‌లో బ్రెజిల్ వెనక నలుగురు, మధ్యలో ఇద్దరు, ముందు నలుగురు అనే అమరికతో గెలిచి లోకం దృష్టిని ఆకర్షించింది. రహీం ఇలాంటి మార్పుల్ని శ్రద్ధగా గమనించేవారు. వెనక వరుసను బలపరిచే కొత్త అమరికల్ని మన జట్టుకు అలవాటు చేశారు.

కొత్త అమరికలో భారమంతా మధ్య ఆటగాళ్ల మీద పడుతుంది. ఎదుటి జట్టు దాడి చేస్తే వెనక్కి పరుగెత్తాలి, బంతి దొరికితే ముందుకు అందించాలి. మగ్గంలో నాడె ఎలా ఆగకుండా అటూ ఇటూ తిరుగుతుందో, మధ్య ఆటగాడు అలా తిరుగుతూనే ఉండాలి. గోల్ కొట్టినవాడి పేరు పేపర్లో వస్తుంది, బంతి అందించినవాడి పేరు రాదు. నాడె ఆగితే మాత్రం బట్ట ఉండదు. హైదరాబాద్ నుంచి నూర్ మహమ్మద్ 1952, 1956 ఒలింపిక్స్‌లో ఆడింది ఈ హాఫ్‌బ్యాక్ స్థానంలోనే. యూసుఫ్ ఖాన్ అవసరాన్ని బట్టి మధ్యలోనూ ముందూ ఆడగలిగేవాడు.

1960 రోమ్ ఒలింపిక్స్‌లో హంగరీ మీద 2-1తో ఓడినా గట్టిగా పోరాడారు. ఫ్రాన్స్‌తో 1-1గా సమం చేశారు. దక్షిణ అమెరికా జట్టయిన పెరూ చేతిలో 3-1తో ఓడారు. రహీం కుమారుడు సయ్యద్ షాహిద్ హకీం కూడా ఆ ఒలింపిక్స్ బృందంలో ఉన్నాడు.

జకార్తాలో చివరి పాఠం

1962 జకార్తా ఆసియా క్రీడల నాటికి రహీంను క్యాన్సర్ పట్టి పీడిస్తోంది. అయినా జట్టుతో వెళ్లారు. మొదటి మ్యాచ్‌లోనే దక్షిణ కొరియా 2-0తో ఓడించింది. తర్వాత థాయ్‌లాండ్‌పై 4-1, జపాన్‌పై 2-0తో మనవాళ్లు గెలిచి సెమీఫైనల్ చేరారు.

అప్పటికి మైదానం బయటి పరిస్థితి బాగాలేదు. ఇజ్రాయెల్, తైవాన్ ఆటగాళ్లను ఇండోనేషియా రానివ్వలేదు. దాన్ని భారత క్రీడా ప్రతినిధి జి.డి. సోంధీ తప్పుపట్టడంతో అక్కడి జనం మనమీద ఆగ్రహంతో ఉన్నారు. స్టేడియంలో వేలాదిమంది మన జట్టును గేలి చేశారు. దానికితోడు రక్షణ ఆటగాడు జర్నైల్ సింగ్ తలకు గాయమై కుట్లు పడ్డాయి. రహీం అతణ్ని కూర్చోబెట్టలేదు. వెనక వరుస నుంచి తెచ్చి ముందు వరుసలో ఆడించారు. దక్షిణ వియత్నాంతో సెమీఫైనల్లో 3-2తో గెలిచారు. అందులో ఒక గోల్ జర్నైల్‌ది.

సెప్టెంబరు 4న ఫైనల్. ఎదురుగా మొదట్లో ఓడించిన దక్షిణ కొరియానే. పి.కె. బెనర్జీ ఒక గోల్, జర్నైల్ సింగ్ మరో గోల్ కొట్టారు. 2-1తో స్వర్ణం మనదైంది. చూనీ గోస్వామి నాయకుడు. ఆ జట్టులో బెంగాలీ, పంజాబీ, గోవా, గూర్ఖా, హైదరాబాదీ ఆటగాళ్లున్నారు. ఎవరి ఇంటి భాష వారిదే. మైదానంలో అందరూ ఒకరి కదలిక ఒకరు చదవగలిగేవారు.

ఆ తర్వాత ఏడాది తిరగకుండానే, 1963 జూన్ 11న, రహీం కన్నుమూశారు. అప్పటికి ఆయనకు 53 ఏళ్లు. శిక్షకులకిచ్చే ద్రోణాచార్య పురస్కారం 1985లో గాని మొదలు కాలేదు. కొత్త తరానికి ఆయన పేరు తెలిసింది 2024లో వచ్చిన మైదాన్ అనే హిందీ సినిమా వల్ల.

పంతులు పోతే

ఆయన తర్వాత భారత్ మళ్లీ ఆసియా క్రీడల ఫుట్‌బాల్ స్వర్ణం గెలవలేదు. ఒలింపిక్స్ ఫుట్‌బాల్లో మనం ఆడింది 1960 రోమ్‌లోనే ఆఖరు. 1970లో బ్యాంకాక్‌లో హైదరాబాదీ సయ్యద్ నయీముద్దీన్ నాయకత్వంలో కాంస్యం వచ్చింది. అక్కడితో సరి. ఇందుకు కారణాలు చాలా ఉన్నాయి. లోకం ముందుకు పోయింది, మన సంఘాలు వెనకబడ్డాయి. అయితే మా దృష్టిలో ఒక కారణం బడికి సంబంధించింది. పిల్లల దశ నుంచి రెండు కాళ్లకూ పనిచెప్పే ఆ పద్ధతి రహీం అనే ఒక్క మనిషిని అంటిపెట్టుకుని ఉండిపోయింది. ప్రతి బడిలోనూ పాఠంగా మారలేదు. మనిషితో పాటే అదీ పలచబడింది.

మన బడుల మాటకొస్తే, చోటు ఇరుకన్నది నిజం. చుట్టూ షెడ్లు, లారీలు. పెద్ద మైదానం అడగడం అందని మాటే. కానీ రహీం పెట్టిన ఎడమకాలి పోటీకి పెద్ద మైదానం అక్కర్లేదు. బడి ముంగిట్లో సుద్దముక్కతో గీసిన గీతలు, ఒక బంతి, చెరి నలుగురు పిల్లలు చాలు. వారానికి రెండు పీరియడ్‌లు లెక్కలకూ ఇంగ్లిషుకూ అప్పివ్వకుండా ఉంచాలి. ఆడపిల్లల్ని గోడ పక్కన నిలబెట్టకుండా జట్టులో కలపాలి. ఇదంతా ఉపాధ్యాయుల చేతిలో ఉన్న పని.

తల్లిదండ్రులకు మా విన్నపం ఒకటే. తెలుగు బడికి పంపితే బిడ్డ వెనకబడతాడేమో, ఆటకు వదిలితే చెడిపోతాడేమో అన్న రెండు భయాలూ ఒకే ఇంట్లో వినిపిస్తుంటాయి. ఉర్దూలో బోధించే విశ్వవిద్యాలయంలో చదివి, బడిలో ఆటలు నేర్పుతూ రహీం దేశానికి రెండు స్వర్ణాలు సంపాదించి పెట్టారు. మన పిల్లలంతా ఒలింపిక్స్‌కు వెళ్లనక్కర్లేదు. మరాఠీ, హిందీ, ఇంగ్లిషు ఎలాగూ నేర్చుకుంటారు. వాటికోసం ఇంటి భాషను కదలకుండా కట్టేయనక్కర్లేదు. బలమైన కాలు ఒకటుంటే రెండోదాన్ని కూడా పనిలోకి దించాలన్నదే కదా రహీం పంతులు చెప్పిన పాఠం.