గయ్యాళి గుండమ్మ... మనసు వెన్న!

మన వీధిలో ఎవరైనా అత్తగారు కాస్త గొంతు పెంచితే చాలు, ‘అబ్బో, సూర్యకాంతం!’ అనేస్తాం. ఒక మనిషి పేరే తిట్టయిపోవడం ఇంకెవరికైనా జరిగిందా? చక్కని పేరు, సూర్యకాంత మణి అని అర్థం. అయినా ఆమె సినిమాలు వచ్చాక ఆడపిల్లకు ఆ పేరు పెట్టాలంటే కన్నవాళ్లు జంకేవారట!

నర్సీపట్నం నుంచి తుని మీదుగా వెళ్తే వచ్చే కాకినాడ పక్కనే వెంకటకృష్ణరాయపురం. 1924 అక్టోబరు 28న సూర్యకాంతం పుట్టింది అక్కడే. చిన్నప్పుడే తండ్రి పోయారు. ఆటలన్నా, పాటలన్నా, నాటకాలన్నా ప్రాణం. ఆ పిచ్చే ఆమెను మద్రాసు చేర్చింది. జెమినీ స్టూడియోలో నెలజీతానికి చేరారు. 1946లో ‘నారద నారది’లో చిన్న వేషం దొరికింది.

అందరిలాగే ఆమెకూ హీరోయిన్ కావాలనే ఉండేది. ‘సౌదామిని’లో అవకాశం వచ్చినట్టే వచ్చి, కారు ప్రమాదంలో ముఖానికి దెబ్బ తగలడంతో చేజారిందని చెబుతారు. ఇంకొకరైతే ఇంటిదారి పట్టేవారే. ఆమె మాత్రం 1950లో ‘సంసారం’లో గయ్యాళి అత్త వేషానికి ఒప్పుకున్నారు. అప్పటికి ఆమె వయసెంతో తెలుసా? పాతికేళ్లు! కోడలి వేషం వేయాల్సిన ఈడులో అత్తగా స్థిరపడిపోయారు.

ఎడమచెయ్యి ఆడిస్తూ, కళ్లు తిప్పుతూ, దీర్ఘాలు తీస్తూ ఆమె దెప్పుతుంటే హాల్లో ఆడవాళ్లు మెటికలు విరిచి శాపనార్థాలు పెట్టేవారు. ‘తోడికోడళ్లు’, ‘మాంగల్యబలం’, ‘కులగోత్రాలు’... అన్నిట్లోనూ అదే నోరు, కానీ విసుగు రాదు. ‘మాయాబజార్’లో హిడింబిగా కొడుకు ఘటోత్కచుణ్ణి మురిపెంగా చూసుకున్న తల్లీ ఆమే!

1962లో వచ్చిన ‘గుండమ్మ కథ’ సంగతి చెప్పాలా? రామారావు, నాగేశ్వరరావు, సావిత్రి, జమున అంతా ఉన్నా సినిమాకి పెట్టింది ఆమె పాత్ర పేరే. తనకంటే పెద్దవాడైన రామారావుకి అందులో ఆమె అత్తగారు! సవతి కూతుర్ని పనిమనిషిలా చూసిన గుండమ్మను చివరికి ఛాయాదేవి వేసిన దుర్గమ్మ రాచిరంపాన పెడుతుంటే, అప్పటిదాకా తిట్టినవాళ్లే అయ్యోపాపం అన్నారు.

మరి ఇంట్లో? 1950లో పెద్దిభొట్ల వెంకట చలపతిరావుగారిని పెళ్లాడారు. షూటింగుకి క్యారేజీల నిండా వండుకెళ్లి, సెట్లో ఉన్నవాళ్లకు కొసరి కొసరి వడ్డించేవారు. తెర మీద కోడలికి గంజినీళ్లు పొయ్యని అత్తగారు, తెర వెనక ఎవరినీ ఆకలితో ఉండనిచ్చేవారు కాదన్నమాట!

1994 డిసెంబరు 18న ఆమె కన్నుమూశారు. టీవీలో ‘గుండమ్మ కథ’ వస్తే ఇప్పటికీ అత్తాకోడళ్లు పక్కపక్కనే కూర్చుని నవ్వుకుంటూ చూస్తారు. ఇద్దరికీ ఆ గుండమ్మ పక్కింటావిడే అనిపిస్తుంది మరి!