నల్లమలకు మెట్లు కట్టిన ప్రభువు ప్రోలయ వేమారెడ్డి

ఏడు శతాబ్దాల నాటి కొండదారి.. నేటికీ భక్తులకు ఆధారం

మైలార్‌దేవ్‌పల్లి: మహాశివరాత్రి సమీపిస్తే మైలార్‌దేవ్‌పల్లి, కాటేదాన్, శంషాబాద్ పరిసరాల నుంచి భక్తుల వాహనాలు శ్రీశైలం బాట పడతాయి. తుక్కుగూడ దాటి ఆమనగల్లు, డిండి, మన్ననూరు మీదుగా సుమారు 200 కిలోమీటర్ల ప్రయాణం. ఉదయం బయలుదేరినవారు మధ్యాహ్నానికల్లా మల్లన్న సన్నిధికి చేరుకుంటారు. ఈ ప్రాంతానికి మల్లన్నతో అనుబంధం పేరులోనే కనిపిస్తుంది. మైలారదేవుడన్నా, మల్లన్న అన్నా జానపదులు కొలిచే శివస్వరూపమే.

మోటారు దారి లేని కాలంలో ఇదే యాత్ర ప్రాణాలతో చెలగాటం. దట్టమైన అడవి, క్రూరమృగాలు, నీటి ఎద్దడి, నిలువెత్తు కొండలు. ఆ కొండలపై సామాన్య యాత్రికుడు నడిచేందుకు రాతి మెట్లు కట్టించిన ప్రభువు ప్రోలయ వేమారెడ్డి. తెలుగు చదువుకున్నవారికి ఆయన మహాకవి ఎర్రాప్రగడను ఆదరించిన రాజుగా సుపరిచితుడు. మెట్ల నిర్మాతగా మాత్రం ఆయనను తలచుకునేవారు తక్కువ.

కాకతీయుల పతనానంతరం..

1323లో ఓరుగల్లు ఢిల్లీ సేనల వశమైంది. బందీగా తరలిస్తుండగా ప్రతాపరుద్రుడు మార్గమధ్యంలోనే కన్నుమూశాడు. తెలుగునాట పాలన ఛిన్నాభిన్నమైంది. అగ్రహారాలు అన్యాక్రాంతమయ్యాయి. దేవాలయాలలో ధూపదీప నైవేద్యాలు కుంటుపడ్డాయి. అటువంటి సంక్షుభిత సమయంలో ముసునూరి నాయకులతో పాటు తలయెత్తి నిలిచినవాడు వేమారెడ్డి. తండ్రి పేరు ప్రోలయ కావడంతో చరిత్రలో ప్రోలయ వేమారెడ్డిగా స్థిరపడ్డాడు.

సుమారు 1325లో గుండ్లకమ్మ తీరాన ఉన్న అద్దంకి రాజధానిగా ఆయన స్వతంత్ర రాజ్యాన్ని స్థాపించాడు. సోదరుడు మల్లారెడ్డి సైన్యాన్ని నడిపి మోటుపల్లి రేవును స్వాధీనం చేసుకున్నాడు. సముద్ర వర్తకం మళ్లీ రాజ్యానికి ఆదాయాన్ని సమకూర్చే మార్గం తెరుచుకుంది.

రెడ్డిరాజులు తాము చతుర్థ కులానికి చెందినవారమని శాసనాలలో బాహాటంగా చెప్పుకున్నారు. పుట్టుకతో రాని రాజగౌరవాన్ని ధర్మకార్యాలతో సంపాదించుకోవలసి వచ్చింది. హేమాద్రి గ్రంథంలో చెప్పిన దానాలన్నీ వేమారెడ్డి నిర్వహించినట్లు, పోయిన అగ్రహారాలను తిరిగి పండితులకు ఇప్పించినట్లు చరిత్రకారులు పేర్కొంటున్నారు. భక్తితో పాటు రాజనీతి కూడా ఈ దానాల వెనుక ఉందనడంలో సందేహం లేదు.

గోపురం కాదు.. సోపానం

ఇంతటి ప్రభువు శ్రీశైలంలో తన పేరు నిలిచేలా ఆకాశాన్నంటే గోపురం కట్టించుకోవచ్చు. ఆయన శ్రీశైలానికి, అహోబిలానికి మెట్లు కట్టించాడు. ఈ విషయాన్ని రెడ్డిరాజుల శాసనాలు ఆయన ఘనకార్యాలలో ఒకటిగా చాటుతున్నాయి.

కొండ గుడి నిర్మాణం మైదానపు గుడి వంటిది కాదు. మైదానంలో గోపురం ఎంతో దూరం నుంచి భక్తుడిని పిలుస్తుంది. నల్లమలలో శిఖరం చేరేవరకు గుడి కనిపించదు. అందువల్ల దారి కూడా ఆలయంలో భాగమే అయింది. తూర్పున త్రిపురాంతకం, దక్షిణాన సిద్ధవటం, పశ్చిమాన అలంపురం, ఉత్తరాన ఉమామహేశ్వరం శ్రీశైలానికి ద్వారాలుగా ప్రసిద్ధి. అచ్చంపేట సమీపంలోని ఉమామహేశ్వరం మన హైదరాబాద్ వైపు వారికి వాకిలి వంటిది.

ఆత్మకూరు వైపు నుంచి నడిచేవారికి నాగలూటి వీరభద్రుని గుడి, పెచ్చెర్వు, భీముని కొలను, కైలాసద్వారం వరుసగా మజిలీలు. మెట్టుమెట్టుకూ ఒక గుడి, ఒక కొలను, ఒక మండపం అన్నట్లుగా సాగే బాట ఇది. భీముని కొలను వద్ద లోతైన లోయలోకి దిగి మళ్లీ నిటారుగా ఎక్కాలి. ఆ ఎక్కుడు ముగిసేచోటే కైలాసద్వారం. రెడ్డిరాజులు వేసిన బాటకు తరువాతి కాలం వారు మరమ్మతులు చేస్తూ, కొత్త మెట్లు చేరుస్తూ వచ్చారు.

కాలిబాటకు, శ్రీశైల ఆచారానికి దగ్గరి సంబంధం ఉంది. నడిచి వచ్చిన భక్తుడు స్నానానికైనా ఆగకుండా, కాళ్ల దుమ్ముతోనే వెళ్లి స్వామిని తాకి దర్శించుకోవడం ఇక్కడి సంప్రదాయం. దీనినే ధూళిదర్శనం అంటారు. కులమేదైనా భక్తుడు స్వయంగా లింగాన్ని స్పృశించే క్షేత్రమిది. అందరినీ తాకనిచ్చే దేవుని వద్దకు అందరూ నడవగలిగే దారి వేయడమే వేమారెడ్డి చేసిన పని.

చెంచుల అల్లుడి కొండ

అహోబిలంలోనూ ఇదే పరిస్థితి. దిగువ అహోబిలం నుంచి ఎగువ అహోబిలానికి సుమారు 8 కిలోమీటర్లు. నవ నారసింహుల గుళ్లు కొండచరియల్లో, సెలయేళ్ల పక్కన, గుహల్లో విస్తరించి ఉన్నాయి. నరసింహస్వామి చెంచు కన్యను పెళ్లాడాడని, అందువల్ల తమ ఇంటి అల్లుడని చెంచుల నమ్మకం. సంక్రాంతి తరువాత ప్రారంభమయ్యే పారువేట ఉత్సవంలో స్వామి దాదాపు 40 రోజుల పాటు ఊరూరా తిరిగి తన కల్యాణానికి జనాన్ని పిలుస్తాడు. వేమారెడ్డికి హరివంశాన్ని అంకితమిచ్చిన ఎర్రన, అహోబిల నరసింహునికి నృసింహపురాణాన్ని అంకితం చేశాడు. రాజు మెట్లతో, కవి పద్యాలతో ఒకే కొండను సేవించారు.

వీరశిరోమండపం

వేమారెడ్డి 1353 ప్రాంతంలో కాలధర్మం చెందాడు. పెద్ద కుమారుడు అనవోతారెడ్డి రాజధానిని కొండవీటికి మార్చాడు. మరో కుమారుడు అనవేమారెడ్డి 1377లో శ్రీశైలంలో వీరశిరోమండపాన్ని కట్టించాడు. భక్త్యావేశంతో వీరశైవులు తమ శిరస్సులను, నాలుకలను స్వామికి అర్పించిన చోటు అది. మైలారదేవుని కొలిచిన వీరభక్తులలోనూ దేహాన్ని హింసించుకునే సాహస కృత్యాలుండేవి. నేటి మనసుకు ఒళ్లు గగుర్పొడిచే ఆచారం ఇది. తండ్రి భక్తుడి కాళ్లకు ఆసరా ఇస్తే, తనయుడు భక్తుడి ప్రాణత్యాగానికి మండపం కట్టాడు. కొండల్లోని మతజీవనానికి ఇవి రెండు ముఖాలు.

1393లో విజయనగర రాణి విఠలాంబ పాతాళగంగకు మెట్లు కట్టించింది. రెండో హరిహరరాయల కాలంలో ముఖమండపం వెలిసింది. 1677లో గోల్కొండ సుల్తాన్ అబుల్ హసన్ కుతుబ్‌షాను కలిసిన ఛత్రపతి శివాజీ శ్రీశైలం వెళ్లి, ఉత్తర గోపుర నిర్మాణానికి కారకుడయ్యాడు. వీరి పేర్లు కట్టడాలతో పాటు వినిపిస్తూనే ఉన్నాయి.

పాదాలే సాక్ష్యం

రెడ్డిరాజుల కొండవీటి పాలన 15వ శతాబ్దం తొలి పాదంలో అంతరించింది. వారు తెరిచిన కొండదారి మాత్రం మూతపడలేదు. శివరాత్రికి తెలుగు భక్తులు, ఉగాదికి కన్నడ భక్తులు వేలాదిగా నాగలూటి బాటన నడుస్తారు. భ్రమరాంబను తమ ఇంటి ఆడపడుచుగా భావించి కన్నడిగులు చీరె సారెలతో తరలివస్తారు. మిగిలిన రోజుల్లో ఆ మెట్లు ఆకుల కింద, అడవి నిశ్శబ్దంలో ఉంటాయి. వానలకు మట్టి కొట్టుకుపోయి రాళ్లు కదులుతున్నాయి. గోపురానికి బీట పడితే అందరికీ కనిపిస్తుంది. అడవిలో మెట్టు జారిపోతే ఎవరి దృష్టికీ రాదు. అటవీ, పురావస్తు, దేవాదాయ శాఖలు కలిసి ఈ బాటను చారిత్రక కట్టడంగా గుర్తించి కాపాడవలసి ఉంది. వాహనాల్లో వెళ్లే మనవారు ఒక్కసారైనా కైలాసద్వారం వద్ద ఆగి నాలుగు మెట్లు దిగి చూస్తే, వేమారెడ్డి చేసిన మేలు ఎంతటిదో కాళ్లకే తెలుస్తుంది.