సమాంతర రేఖలను శంకించిన లొబచేవ్‌స్కీ

ఒక సరళరేఖకు వెలుపలనున్న బిందువుగుండ దానికి సమాంతరముగా ఒక్క రేఖనే గీయవచ్చునని పాఠశాలలో చదివితిమి, సంశయింపక నమ్మితిమి. యూక్లిడు నిరూపణ లేకయే గైకొన్న అయిదవ స్వీకృతమునకు ఇది రూపాంతరము. దీనిని తక్కిన స్వీకృతములనుండి సాధింపవలెనని పండితులు రెండువేల యేండ్లు పాటుపడి విఫలులైరి. ఆ నమ్మకమునే ప్రశ్నించిన ధీరుడు నికొలాయ్ లొబచేవ్‌స్కీ.

ఈయన 1792లో రష్యాదేశమందలి నీజ్నీ నోవ్‌గరొద్ పట్టణమున పేద కుటుంబమున జన్మించెను. తల్లి ముగ్గురు కుమారులతో కజాను నగరము చేరి, సర్కారు వేతనములపై వారిని చదివించెను. 1807లో అచటి విశ్వవిద్యాలయమున విద్యార్థిగా చేరిన లొబచేవ్‌స్కీ అచటనే ఆచార్యుడై, 1827 మొదలు 1846 వఱకు దానికి అధిపతిగా నుండెను. 1825 నుండి పదేండ్లు గ్రంథాలయ భారమును గూడ తానే వహించెను. 1830లో కలరా వ్యాపించినపుడు ఉద్యోగుల కుటుంబములను విద్యాలయ ప్రాంగణమున చేర్చి కాపాడెను.

1826లో ఆయన తన క్రొత్త సిద్ధాంతమును సహాధ్యాపకులకు నివేదించెను. బిందువుగుండ పోవుచు మొదటి రేఖను కలియని రేఖలు ఒకటికంటె నెక్కువ గలవని యెంచినను విరోధమేమియు పుట్టదని ఆయన మతము. అట్లయిన త్రిభుజకోణముల మొత్తము రెండు లంబకోణములకంటె తక్కువగును; త్రిభుజము పెద్దదైనకొలది ఆ లోటును పెరుగును. పొలము కొలుచు గొలుసునకు అది అందదు గనుక మనబోంట్లకు యూక్లిడే చాలును. నక్షత్ర దూరములయందైన కనిపించునేమోయని ఆయన లెక్కించి చూచెను. ఆనాటి కొలతలకు అదియు అందలేదు.

1829-30లో అచ్చయిన ఈ రచనను రాజధానిలోని పండితులు తిరస్కరించిరి; 1834లో ఒక పత్రిక పరిహసించెను. జర్మను గణితజ్ఞుడు గౌస్ మెచ్చియు, ఆ మెప్పును స్వకీయలేఖలలోనే దాచుకొనెను. హంగరీ దేశీయుడు యానోష్ బొల్యాయి వేఱుగా ఇదే త్రోవ త్రొక్కి 1832లో ప్రకటించెను. అతనికిని ఆదరణ దొరకలేదు.

పిమ్మట పదవి పోయెను; 1852లో పెద్దకుమారుడు మరణించెను; చూపు నశించెను. అయినను 1855లో తన కడపటి గ్రంథమును చెప్పి వ్రాయించి, 1856లో గతించెను. 1868లో ఇటలీ దేశీయుడు బెల్ట్రామి, యూక్లిడు గణితము నిర్దోషమైనచో ఇదియు నిర్దోషమేయని చూపెను. ఆ మాట వినుటకు ఆయన లేడు.

మన గ్రంథాలయమునకు ఇరువదియైదేండ్లు నిండినవి. ఎవరును తెఱువని పుస్తకములు కొన్ని యిచటను గలవు. వానిని దుమ్ము దులిపి నిలుపుడు; వాని పాఠకుడు ఇంకను పుట్టవలసియుండవచ్చును.