తేనెటీగల భాషాకోవిదుడు

తేనెటీగ మకరందం కోసం పువ్వుపై వాలినప్పుడు దాని దేహానికి పుప్పొడి అంటుకొంటుంది. ఆ పుప్పొడి మరొక పువ్వును చేరి, కాయకు, గింజకు కారణమవుతుంది. మన పొలాలలో పొద్దుతిరుగుడు గింజలు బాగా పట్టడానికి ఈ చిన్నప్రాణి శ్రమ ఎంతగానో తోడ్పడుతుంది. పూలున్న చోటును తేనెటీగ తోటివాటికి ఎట్లా తెలుపుతుందో ప్రయోగపూర్వకంగా కనుగొన్న శాస్త్రవేత్త కార్ల్ ఫాన్ ఫ్రిష్.

ఫ్రిష్ 1886 నవంబరు 20న ఆస్ట్రియా రాజధాని వియన్నాలో జన్మించాడు. తండ్రి ఆంటన్ పేరొందిన శస్త్రవైద్యుడు. తల్లి మరీ విద్వాంసులకు నిలయమైన ఎక్స్‌నర్ వంశంలో పుట్టింది. నలుగురు కుమారులలో కార్ల్ చివరివాడు. బాల్యంలోనే అనేక ప్రాణులను ఇంట పెంచుతూ, వాటి చేష్టలను గంటల తరబడి గమనించేవాడు. తండ్రి సలహాపై వైద్యవిద్యలో చేరినా, మనసు జంతుశాస్త్రం మీదనే నిలిచింది. మ్యూనిక్ నగరంలో రిచర్డ్ హెర్ట్‌విగ్ అనే ఆచార్యుని వద్ద శిష్యరికం చేసి, 1910లో డాక్టరేటు పట్టం పొందాడు.

తేనెటీగలకు రంగులు తెలియవని ఆ రోజులలో ఫాన్ హెస్ అనే ప్రముఖ నేత్రశాస్త్రజ్ఞుడు వాదించేవాడు. అదే నిజమైతే పూలకు ఇన్ని వన్నెలెందుకని ఫ్రిష్‌కు సందేహం కలిగింది. బూడిదరంగు అట్టల నడుమ ఒక నీలపు అట్టను పెట్టి, దానిపై చక్కెరనీటి గిన్నె ఉంచి తేనెటీగలను అలవాటు చేశాడు. తరువాత ఖాళీ గిన్నె పెట్టినా, అట్టల స్థానాలు మార్చినా అవి నీలపు అట్టనే వెదకికొని వచ్చాయి. ఈ పరిశోధన ఫలితాలను 1914లో ప్రకటించాడు.

అటుపిమ్మట అద్దాల గోడలున్న గూటిని అమర్చి, తేనెటీగలపై రంగుచుక్కలు గుర్తుగా పెట్టి పరిశీలించాడు. ఆహారం కనుగొన్న తేనెటీగ గూటికి చేరి నృత్యం చేయడం, తక్కినవి దానిని అనుసరించి వెలుపలికి పోవడం గమనించాడు. గుండ్రని నృత్యం మకరందానికి, పొట్ట ఊపుతూ చేసే నృత్యం పుప్పొడికి సంకేతాలని 1923లో ప్రకటించాడు.

ఇంతలో జర్మనీలో నాజీల పాలన వచ్చింది. ఫ్రిష్ అమ్మమ్మ యూదు వంశజురాలన్న కారణంతో, మ్యూనిక్ విశ్వవిద్యాలయంలో ఆయన ఆచార్యపదవిని తొలగించాలని 1941లో నిర్ణయించారు. సరిగ్గా ఆ కాలంలోనే నొసీమా అనే పరాన్నజీవి వ్యాపించి, లక్షల సంఖ్యలో తేనెటీగల గూళ్లను నాశనం చేసింది. తేనెటీగలు నశిస్తే పండ్లతోటలు, పైరులు దెబ్బతింటాయని ప్రభుత్వం భయపడింది. ఆ తెగులును పరిశోధించే బాధ్యతను ఫ్రిష్‌కు అప్పగించి, తొలగింపును యుద్ధం ముగిసే వరకు వాయిదా వేసింది. ఆయన జీవితమంతా పరిశీలించిన చిన్న ప్రాణులే ఆపత్కాలంలో ఆయనకు అండ అయ్యాయి.

1944లో బాంబుల దాడికి మ్యూనిక్‌లోని ఇల్లు కూలిపోయింది. వుల్ఫ్‌గాంగ్ సరస్సు తీరాన బ్రున్‌వింకిల్‌లో ఉన్న కుటుంబపు వేసవి నివాసంలో పరిశోధన కొనసాగించాడు. చక్కెరనీటి గిన్నెను దూరంగా జరిపి చూడగా తన పూర్వ నిర్ణయం పొరపాటని తేలింది. నృత్యభేదానికి కారణం ఆహారపు రకం కాదు, దూరం. ఆహారం దగ్గరలో ఉంటే గుండ్రని నృత్యం, దూరాన ఉంటే పొట్ట ఊపే నృత్యం. నిలువుగా ఉన్న పట్టుపై తేనెటీగ నేరుగా పైకి సాగితే ఆహారం సూర్యుని దిశలో ఉన్నట్లు. కొంత పక్కకు ఒరిగి సాగితే సూర్యునికి అంతే కోణంలో పక్కన ఉన్నట్లు. దూరం పెరిగినకొద్దీ ఆ ఊపు ఎక్కువసేపు సాగుతుంది. తాను ఇరవై ఏళ్లకు పైగా బోధించిన దానిని తానే సవరించి, 1946లో లోకానికి వెల్లడించాడు.

1960వ దశకంలో కొందరు శాస్త్రజ్ఞులు ఈ సిద్ధాంతాన్ని శంకించారు. 2005లో రాడార్ సాయంతో తేనెటీగల ప్రయాణమార్గాలను గుర్తించిన పరిశోధకులు ఫ్రిష్ మాటనే బలపరిచారు. 1973లో కొన్రాడ్ లోరెంజ్, నికో టింబర్గెన్‌లతో కలిసి ఆయన నోబెల్ బహుమతిని అందుకొన్నాడు. 1982 జూన్ 12న తన తొంబై అయిదవ ఏట మ్యూనిక్‌లో కన్నుమూశాడు.

ఫ్రిష్ ప్రయోగాలకు రంగు అట్టలు, అద్దాల గూడు, చక్కెరనీరు వంటి సామాన్యమైన వస్తువులే సాధనాలయ్యాయి. తన మాటను తానే పరీక్షించి సవరించుకొనే నిజాయితీ ఆయన శాస్త్రదృష్టికి ప్రాణం. పైరు మీద వాలిన తేనెటీగను అల్పజీవిగా తలచక, దాని మేలు గుర్తించి కాపాడుకోవడం మన కర్తవ్యం.